ఇన్విన్సిబుల్, బాలచంద్రుడు, మా నాయన బోరు

2021 ఏప్రిల్. కరోనా రెండో వేవ్ మాంచి ఊపు మీదున్న రోజులు. ఆఫీసు వాళ్ళు ఇంటి నుంచే పని చేసుకోమన్నారు కదా అని మూటాముల్లె సర్దుకుని మా ఊరు కొమరోలు వచ్చేసాను. కొమరోలు ఎక్కడంటారా? గిద్దలూరు పక్కన, కడప జిల్లా సరిహద్దుకి దగ్గర్లో ఉంటుంది. 1970లో ఒంగోలు జిల్లా (తర్వాత దానికే ప్రకాశం అని పేరు పెట్టారు) ఏర్పడేదాకా మా గిద్దలూరు, మార్కాపురం ప్రాంతమంతా కర్నూలు జిల్లాలో ఉండేది. అందుకే మా మాట వింటే కోస్తా వాళ్ళు సీమ యాస అంటారు, సీమ వాళ్ళేమో కోస్తా యాస అంటారు :-)

పగలంతా మీటింగులు. రాత్రి పదకొండు దాటితే గానీ తీరిక ఉండేది కాదు. అప్పుడు వసారాలో మంచం మీద లాప్‌టాప్ పెట్టుకుని, అమెజాన్ ప్రైమ్‌లో వారానికొకటి వస్తున్న ఇన్విన్సిబుల్ అనే యానిమేషన్ సీరీస్ చూసేవాణ్ణి. మొదటి సీజన్ ఆఖరి ఎపిసోడ్ చూస్తున్న రాత్రి మా నాయన నిద్ర పట్టక లేచొచ్చి పక్కన కూర్చున్నాడు. "ఇంత వయసొచ్చి ఇంకా బొమ్మలు చూస్తుండావేందిరా" అని నవ్వాడు. నవ్వాడే గానీ లేచి పోలేదు. నేను మధ్యమధ్యలో ఆపి కథ చెప్తుంటే అరగంట చూసాడు. చూసి రెండు మాటలన్నాడు. ఒకటి, "ఇది మన బాలచంద్రుడి కథే గదరా" అని. రెండోది ఒక ప్రశ్న. దాని సంగతి చివర్లో చెప్తాను. అప్పట్లో నేను రెండింటినీ పట్టించుకోలేదు. నాయన పోయాక, ఈ మధ్య పల్నాటి చరిత్ర చదువుతుంటే ఆ రెండు మాటలూ ఎంత సరైనవో అర్థమైంది. అదే ఇక్కడ చెప్పాలనుకుంటున్నాను.

ముందు ఆ సీరీస్ గురించి నాలుగు ముక్కలు. చూడని వాళ్ళకి ముందే చెప్తున్నా, కథంతా చెప్పేస్తున్నాను, తర్వాత నన్ను తిట్టుకోవద్దు.

రాబర్ట్ కర్క్‌మన్ రాయగా కోరీ వాకర్, రయాన్ ఓట్లీ బొమ్మలు గీసిన కామిక్ ఇది. 2003 నుంచి 2018 దాకా 144 సంచికలు వచ్చాయి. మార్క్ అనే కుర్రాడు, వాళ్ళ నాన్న నోలన్. నోలన్ అంటే ఆమ్నీమాన్, భూమ్మీద అందరికంటే బలవంతుడు, జనం దేవుడిలా చూసే హీరో. మార్క్‌కి కూడా శక్తులొస్తాయి, నాన్నంతటి వాణ్ణవ్వాలని వాడి ఆశ. తీరా చూస్తే ఆ నాన్న వచ్చింది భూమిని కాపాడటానికి కాదు, తన జాతి సామ్రాజ్యంలో కలిపేసుకోవడానికి. కొడుక్కి ఇన్నేళ్ళూ చెప్పిందంతా అబద్ధం. కొడుకు నేను కలవనంటే తండ్రి వాణ్ణి చావగొడతాడు. మనుషుల ప్రాణాలకి విలువ లేదని నేర్పించడానికి వాణ్ణి పట్టుకుని, ఎదురుగా వస్తున్న మెట్రో రైలుకి అడ్డంగా పెడతాడు. వాడి ఒంటికేమీ కాదు. రైల్లో ఉన్న జనం మాత్రం చచ్చిపోతారు. చివరికి కొడుకుని చంపలేక కన్నీళ్ళు పెట్టుకుని భూమి వదిలి ఎగిరిపోతాడు.

మామూలు సూపర్ హీరో కథయితే అక్కడితో అయిపోవాలి. ఇది అక్కడే మొదలవుతుంది. కూలిన ఊరు, చచ్చిన జనం, మోసపోయిన భార్య, నేనూ నాన్నలాగే అవుతానేమోనని భయపడే కొడుకు... తర్వాతి సీజన్లన్నీ ఆ లెక్క తేల్చడమే. మన ఫీల్డులో లెగసీ అంటే ఏంటో మీకు చెప్పక్కర్లేదు కదా. ఎవరో సీనియర్ ఎప్పుడో రాసి, అందరి చేతా శభాష్ అనిపించుకుని, కంపెనీ మారిపోతాడు. ఆ కోడ్ మన నెత్తిన పడుతుంది. అందులో ఏముందో తెలీదు, తీసేద్దామంటే కుదరదు, అర్ధరాత్రి పగిలితే ఫోన్ మనకే వస్తుంది. మార్క్‌ది అచ్చం ఆ పరిస్థితే అన్నమాట.

ఇక బాలచంద్రుడి దగ్గరికి వద్దాం. పల్నాటి యుద్ధం అనగానే మనలో చాలామందికి సినిమాలు గుర్తొస్తాయి. 1947లో వచ్చిన దాంట్లో అక్కినేని బాలచంద్రుడు, కన్నాంబ నాగమ్మ, గోవిందరాజుల సుబ్బారావు బ్రహ్మనాయుడు. 1966లో వచ్చిన దాంట్లో ఎన్టీఆర్ బ్రహ్మనాయుడు, భానుమతి నాగమ్మ. మా నాయన చూసింది ఈ రెండోదే. దానికి తోడు చిన్నప్పుడు తిరునాళ్ళలో విన్న బుర్రకథ. నా బడి రోజుల్లో మాకు బోర్లకి కరెంటు రాత్రిపూటే ఇచ్చేవాళ్ళు. నాయన నన్ను చేనుకి తీసుకెళ్ళి, కరెంటు కోసం ఎదురుచూస్తూ గట్టు మీద కూర్చోబెట్టి ఈ కథ చెప్పేవాడు. మోటారు తిరగడం మొదలెట్టగానే కథ ఎక్కడుంటే అక్కడ ఆగిపోయేది. అందువల్ల నాకు చాలా ఏళ్ళు ఈ కథ ముక్కలు ముక్కలుగానే తెలుసు.

సినిమాలు పక్కన పెట్టి క్లుప్తంగా చెప్పుకుంటే ఇదీ కథ. పన్నెండో శతాబ్దంలో హైహయ వంశం వాడైన అనుగురాజు వెలనాటి గొంకరాజు కూతురు మైలమదేవిని పెళ్ళి చేసుకుని, అరణంగా పల్నాడు పొందాడు. మైలమదేవి కొడుకు నలగామరాజు. మరో భార్య కొడుకు మలిదేవుడు. నలగామరాజు గురజాలలో రాజయ్యాడు. మంత్రి బ్రహ్మనాయుడు. తర్వాత నలగాముడి దగ్గర నాయకురాలు నాగమ్మ మాట చెల్లడం మొదలైంది. ఒక ఆడమనిషి అంత పెద్ద మంత్రి పదవిలో ఉండటం ఆ కాలానికి చాలా అరుదైన సంగతి. మన దాకా వచ్చిన కథ బ్రహ్మనాయుడి పక్షం వాళ్ళని కొలిచే వాళ్ళు చెప్పిన కథ కాబట్టి అందులో ఆవిడ విలన్ అయింది. ఆవిడ పక్షం వాళ్ళు చెప్పి ఉంటే ఎలా ఉండేదో. ఆవిడది శైవ పక్షం, బ్రహ్మనాయుడిది వైష్ణవ పక్షం, గొడవలో ఆ కోణం కూడా ఉందని చరిత్ర రాసినవాళ్ళు చెప్తారు.

రాజ్యం రెండు ముక్కలైంది. మలిదేవుడు, బ్రహ్మనాయుడు మాచర్ల వెళ్ళారు. తర్వాత కోడిపందెం. ఓడిపోయిన మాచర్ల వాళ్ళు ఏడేళ్ళు వనవాసం పోవాలి. వాళ్ళు ఈ కాలంలో తలదాచుకున్న చోట్లలో మేడపి ఒకటని కథ చెప్తుంది. ఈ మేడపి ఎక్కడో కాదు, మా పశ్చిమ ప్రకాశంలోనే, త్రిపురాంతకం మండలంలో ఉంది. అది తెలిసిన రోజు భలే సంతోషం వేసింది నాకు. అన్నాళ్ళూ అదేదో గుంటూరు వాళ్ళ కథ అనుకునేవాణ్ణి.

ఏడేళ్ళు గడిచాక మా రాజ్యం మాకివ్వండని రాయబారం పంపారు. రాయబారిగా వెళ్ళింది అలరాజు. ఇతను మాచర్ల పక్షం కొమ్మరాజు కొడుకు, అదే సమయంలో నలగామరాజుకి స్వయానా అల్లుడు. అతన్ని చర్లగుడిపాడు దగ్గర విషం పెట్టి చంపేసారు. నలగామరాజు కూతురు పేరిందేవి భర్తతో పాటు చితిలో దూకింది. అంటే యుద్ధం ఇంకా మొదలే కాకముందే ఒక రాజు తన కూతుర్ని పోగొట్టుకున్నాడు. దాని తర్వాత నాగులేరు ఒడ్డున కారెంపూడిలో యుద్ధం.

ఇప్పుడు తండ్రీ కొడుకుల సంగతి. బ్రహ్మనాయుడు సామాన్యుడు కాదు. మాచర్ల చెన్నకేశవుడి గుడిలోకి అన్ని కులాల వాళ్ళనీ రానిచ్చాడని, చాపకూడు పెట్టాడని చెప్తారు. చాపకూడు అంటే చాపలు పరిచి అన్ని కులాల వాళ్ళనీ ఒకే పంక్తిలో కూర్చోబెట్టి భోజనం పెట్టడం. మాల కులంలో పుట్టిన కన్నమదాసుని కొడుకులా చూసుకుని సేనాపతిని చేసాడు. ఎనిమిది వందల ఏళ్ళ కిందటి మాట ఇది. మన ఊళ్ళల్లో మొన్నమొన్నటి దాకా హోటళ్ళలో రెండు గ్లాసులుండేవని గుర్తు తెచ్చుకుంటే అది ఎంత పెద్ద పనో తెలుస్తుంది.

అలాంటి తండ్రి కొడుకు దగ్గర ఒక విషయం దాచాడు. యుద్ధం జరుగుతోందన్న సంగతే బాలచంద్రుడికి చెప్పలేదు. కుర్రాడు మేడపిలో స్నేహితులతో బొంగరాలాడుకుంటున్నాడు. తండ్రి ప్రేమ కొద్దీ దాచాడని మనం అనుకోవచ్చు. నోలన్‌ని అడిగినా నేనూ ప్రేమతోనే దాచానంటాడేమో.

నిజం ఎలా బయటపడిందో చూడండి. బాలచంద్రుడు విసిరిన బొంగరం దారిన పోతున్న ఒక కోమటి ఆవిడ కాలికి తగిలి గాయమైంది. ఆవిడ కుర్రాణ్ణి నిలదీసింది. అక్కడ మీవాళ్ళు యుద్ధంలో ఉంటే నువ్విక్కడ బొంగరాలాడుకుంటూ దారిన పోయేవాళ్ళ మీద ప్రతాపం చూపిస్తున్నావా అని. అంతే, కథ మొత్తం అక్కడ మలుపు తిరిగింది. వీరుడి జీవితాన్ని మార్చింది గురువు కాదు, దేవుడు కాదు, శత్రువు కూడా కాదు. వీడి ఆటలో దెబ్బ తిన్న ఒక దారిన పోయే మనిషి.

చిన్నప్పుడు ఈ బొంగరం ఘట్టం నాకు సరదాగా ఉండేది. ఇప్పుడు చదువుతుంటే కథకుడి తెలివికి దణ్ణం పెట్టాలనిపిస్తుంది. అప్పటిదాకా కథంతా రాజులు, మంత్రులు, వాటాలు. మొదటిసారి ఒక మామూలు మనిషి ముందుకొచ్చి మీ ఆట వల్ల నాకు దెబ్బ తగిలింది అని చెప్పింది ఇక్కడే.

తర్వాత బాలచంద్రుడు తల్లి ఐతమ్మ దగ్గరికి పోయి అనుమతి అడిగాడు. అన్నాళ్ళూ పట్టించుకోని భార్య మాంచాల దగ్గరికి పోయాడు. ఇన్నాళ్ళకి గుమ్మంలోకొచ్చిన భర్త వచ్చింది కాపురానికి కాదు, చావుకి పోతూ చెప్పిపోవడానికి. ఆవిడే కత్తి చేతికిచ్చి పంపింది. వెంట వస్తున్న బ్రాహ్మణ మిత్రుడు అనపోతుని బతికించాలని ఏదో మిష మీద వెనక్కి పంపాడు. సంగతి తెలుసుకున్న అనపోతు తనే ప్రాణం తీసుకున్నాడు. కారెంపూడిలో పెద్దాయన బ్రహ్మనాయుడు సంధికి సిద్ధపడుతుంటే కొడుకు ఒప్పుకోలేదు. యుద్ధంలో దూకాడు, చచ్చిపోయాడు. రెండు పక్షాల వీరులూ పోయారు. అంతా అయిపోయాక బ్రహ్మనాయుడు రాజ్యాన్ని మళ్ళీ నలగామరాజుకే అప్పగించి గుత్తికొండ బిలంలోకి వెళ్ళిపోయాడని చెప్తారు.

ఒక్క క్షణం ఆగి ఆలోచించండి. ఎవరి చేతిలోంచి రాజ్యం తీసుకుందామని ఇంత చేసారో చివరికి వాళ్ళ చేతికే ఇచ్చేసారు. ఒకాయన ఆకాశంలోకి పోయాడు, ఇంకొకాయన బిలంలోకి పోయాడు. మిగిలింది ఇళ్ళల్లో ఆడవాళ్ళు.

ఇదంతా కథే కదా, చరిత్ర ఎంత అని మీరడగొచ్చు. యుద్ధం 1182 ప్రాంతంలో జరిగిందని ఎక్కువమంది చెప్తారు. నలగామరాజు వైపు నిలిచింది వెలనాటి చోళులు. కృష్ణా, గుంటూరు ప్రాంతాల్లో అప్పటికి వాళ్ళదే పెద్ద చెయ్యి. ఈ యుద్ధంతో వాళ్ళ బలం బాగా చితికిపోయిందని, ఓరుగల్లు కాకతీయులు కోస్తా వైపు రావడానికి దారి దొరికిందని చరిత్రకారుల అంచనా. 1185 నాటి కాకతీయ రుద్రదేవుడి శాసనం ఒకటి మా త్రిపురాంతకం గుడిలోనే ఉంది. మూడంటే మూడేళ్ళు! అన్నదమ్ములు కొట్టుకుని రక్తం ఇంకా ఆరకముందే మూడోవాడు వచ్చి గుడికి దానం ఇచ్చి రాయి మీద పేరు చెక్కించుకున్నాడు. ఇంతకంటే గట్టిగా పర్యవసానం అన్న మాటకి అర్థం చెప్పే రాయి నాకు తెలిసి మా చుట్టుపక్కల లేదు.

కథ మాత్రం ఓడిన వాళ్ళదీ గెలిచిన వాళ్ళదీ అందరిదీ బతికింది. వినుకొండ వల్లభరాయుడి పేరు మీద ఉన్న క్రీడాభిరామంలో ఓరుగల్లు వీధిలో పల్నాటి వీరుల కథ పాడుతున్న సన్నివేశం ఉంది. అంటే కథ అప్పటికే పల్నాడు దాటి అంత దూరం పోయిందన్నమాట. పదిహేనో శతాబ్దంలో శ్రీనాథుడు ద్విపదలో రాసాడంటారు. అక్కిరాజు ఉమాకాంతం గారు 1911లో దాన్ని అచ్చు వేయించారు. జీన్ రోఘైర్ అనే అమెరికా ఆయన పల్నాడొచ్చి, ఆలిశెట్టి గాలెయ్య అనే గాయకుడు పాడిన కథని రికార్డు చేసుకుని, ఇంగ్లీషులోకి తెచ్చి 1982లో ఆక్స్‌ఫర్డ్ ద్వారా పుస్తకం వేసాడు. మన కథ గురించి తెలుసుకోవడానికి నేను మొదట చదివింది ఆ ఇంగ్లీషు పుస్తకమే అని చెప్పుకోవడానికి కొంచెం సిగ్గుగానే ఉంది.

పుస్తకాల కంటే పెద్ద సాక్ష్యం కారెంపూడిలో ఉంది. ఏటా కార్తీక అమావాస్యకి అక్కడ అయిదు రోజులు వీరుల ఉత్సవాలు జరుగుతాయి. రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కల్లిపాడు అని రోజుకో పేరు. వీరాచారం పాటించే కుటుంబాల వాళ్ళు ఎక్కడెక్కడి నుంచో కొణతాలు అని పిలిచే వీరుల ఆయుధాలు పట్టుకుని వస్తారు. మందపోరు రోజు చాపకూడు పెడతారు. నేను ఒక్కసారే వెళ్ళాను. గెలుపు పండగ చూస్తానని వెళ్ళాను గానీ అక్కడ ఎవరూ గెలిచినట్టు లేరు. చచ్చిపోయిన వాళ్ళని తలుచుకోవడం, అంతే. మన ఇళ్ళల్లో పెద్దలకి పెట్టుకుంటాం చూడండి, ఊరంతా కలిసి అది చేస్తున్నట్టుంది.

నాకు అర్థమైంది ఏంటంటే, బ్రహ్మనాయుడు వదిలివెళ్ళినవి రెండు. ఒకటి చాపకూడు, రెండు యుద్ధం. మంచిది తీసుకుని చెడ్డది మర్చిపోవడం తేలిక. పల్నాడు వాళ్ళు అలా చెయ్యలేదు. అదే అయిదు రోజుల్లో చాపకూడూ ఉంది, కోడిపోరూ ఉంది, చచ్చినవాళ్ళ ఆయుధాలూ ఉన్నాయి. ఆస్తీ అప్పూ ఒకే కాగితం మీద రాసి పెట్టుకున్నారు.

మరి మన యానిమేషన్‌లో ఇది ఎందుకు రాలేదు? యానిమేషన్ మనకి కొత్తేం కాదు. 2008 నుంచి దేశంలో పిల్లలందరి నోటా ఉన్న ఛోటా భీమ్ హైదరాబాదులో రాజీవ్ చిలక గారి గ్రీన్ గోల్డ్ సంస్థలో పుట్టినవాడే. నేనూ చూసే పెరిగాను. కాకపోతే ఢోలక్‌పూర్‌లో ఎంత కొట్లాట జరిగినా చివర్లో అందరూ లడ్డూలు తింటారు. కూలిన గోడ ఎవరు కట్టారో మనకి తెలీదు :-) చిన్నపిల్లల బొమ్మ కదా, తప్పు పట్టడం లేదు.

బాహుబలికి యానిమేషన్ రూపాలు వచ్చాయి. 2017లో అమెజాన్‌లో ది లాస్ట్ లెజెండ్స్, 2024లో హాట్‌స్టార్‌లో క్రౌన్ ఆఫ్ బ్లడ్. తండ్రి వారసత్వం అంటే బాహుబలిని మించిన కథ ఏముంది? న్యాయంగా చెప్పుకోవాలంటే మొదటి సినిమాలో నాకు బాగా నచ్చిన సంగతొకటుంది. కాలకేయులు బందీలైన జనాన్ని ముందు నిలబెడితే భల్లాలుడు వాళ్ళ మీదుగా తొక్కుకుంటూ పోతాడు, బాహుబలి వాళ్ళని తప్పిస్తాడు. శివగామి రాజుని ఎంచుకున్నదే దాన్ని బట్టి. దారిన పోయే మనిషిని లెక్కలోకి తీసుకున్న ఘట్టం అది. కానీ కొడుకు దగ్గరికొచ్చేసరికి వారసత్వం అంటే సింహాసనం, పగ, జనం జేజేలు. తండ్రి తాలూకు ఆస్తి వచ్చింది గానీ అప్పు రాలేదు. ఎందుకంటే ఆ తండ్రి తప్పు చేసినవాడు కాదు. తప్పు చెయ్యని తండ్రి ఉంటే కొడుకు పని సులువు. అసలు కష్టం మంచివాడైన తండ్రి చేసిన తప్పుతోనే.

ఇక నా సంగతి. 2014లో, నేను ఇంటర్‌కి రాబోతున్నప్పుడు, మాకు వరసగా వానల్లేవు. మా వైపు కాలవ నీళ్ళు లేవు, వెలిగొండ నీళ్ళొస్తాయని నేను పుట్టకముందు నుంచీ చెప్తూనే ఉన్నారు (1996లో శంకుస్థాపన). ఉన్నదల్లా బోరు. మా నాయన అప్పు చేసి 620 అడుగుల బోరు వేయించాడు. నీళ్ళు పడ్డాయి. ఊళ్ళో అందరూ చూడ్డానికి వచ్చారు. ఆ నీళ్ళ మీద కందితో పాటు మిర్చి పండించాడు, నన్ను ఇంజినీరింగ్ చదివించాడు. నాకు తెలిసిన హీరో ఎవరంటే మా నాయనే. ఇందులో ఏ అనుమానమూ లేదు, ఇప్పటికీ లేదు.

2023లో నాయన పోయాడు. మరుసటి ఏడు సంవత్సరీకానికి వెళ్ళినప్పుడు, భోజనాలయ్యాక పక్క చేను పెదనాయన నాతో కూర్చున్నాడు. వరసకి పెదనాయన, రక్తసంబంధం కాదు. మాటల్లో మాటగా అన్నాడు, "మీ నాయన మంచోడే అబ్బయ్యా. కాకుంటే ఆ బోరు ఏసినంక మా బోరు ఎండింది. ఒగ యాడాది సూసి పిల్లోణ్ణి బెంగులూరు పంపిస్తిమి" అని. కోపంగా అనలేదు. వానలు పడలేదు అన్నట్టు అన్నాడు.

వాళ్ళ బోరు 180 అడుగులు. మీరు ఇంజినీర్లు కాబట్టి రెండు ముక్కల్లో చెప్తాను. బోరు తోడినప్పుడు చుట్టూ నీటిమట్టం గరాటు ఆకారంలో దిగుతుంది. ఎక్కువ లోతు నుంచి ఎక్కువ తోడితే ఆ గరాటు పక్క చేను కిందికి కూడా పాకుతుంది. లోతు తక్కువున్న బోరు గాలి పీల్చుకుంటుంది. మా వైపు అడుగున రాయి, నీళ్ళు పగుళ్ళలోనే ఉంటాయి. ఇద్దరి పగుళ్ళూ ఒకటే అయితే ఇక చెప్పనక్కర్లేదు. ఇందుకే 2002లో వాల్టా చట్టం తెచ్చి, పక్కవాళ్ళ బావికీ బోరుకీ దూరం చూసుకోవాలి, అనుమతి తీసుకోవాలి అన్నారు. మా ఊళ్ళో రిగ్గు వచ్చిందంటే ఆ చట్టం ఎవరికి గుర్తుంటుంది? నాయనకీ గుర్తులేదు. గుర్తున్నా ఆగేవాడు కాదేమో. ఇంట్లో చదివే పిల్లాడు ఉన్నాడు మరి.

వాళ్ళబ్బాయి నాకంటే ఒక్క ఏడు పెద్ద. నేను కాలేజీకి పోయినప్పుడు వాడు బెంగుళూరులో తాపీ పనికి పోయాడు. ఈ రెండు సంగతులూ నాకు ముందే తెలుసు. ఒకదానికొకటి సంబంధం ఉందని మాత్రం తెలీదు.

2025 మొదట్లో ఇన్విన్సిబుల్ మూడో సీజన్ వచ్చింది. ఈసారి ఒక్కణ్ణే చూసాను. అందులో పవర్‌ప్లెక్స్ అనే ఒకడొస్తాడు. మొదటి సీజన్ చివర్లో తండ్రీకొడుకులు కొట్టుకున్నప్పుడు కూలిన భవనంలో అతని తోడబుట్టినదీ, ఆమె కూతురూ చనిపోయారు. మార్క్ వాళ్ళని కాపాడటానికే చూసాడు, కుదర్లేదు. తప్పంతా తండ్రిది. కానీ ఆ తండ్రి లేడుగా, దొరికింది కొడుకు. మార్క్ ఏం చెప్పినా అతను వినడు. మేడపిలో బొంగరం దెబ్బ తగిలిన ఆవిడ ఎనిమిది వందల ఏళ్ళ తర్వాత మళ్ళీ వచ్చి నిలదీసినట్టనిపించింది నాకు. అప్పుడు గుర్తొచ్చింది నాయన ఆ రాత్రి అడిగిన ప్రశ్న. తండ్రి ఏడ్చుకుంటూ ఎగిరిపోయే సీన్ చూసి నా కళ్ళల్లో నీళ్ళు తిరుగుతుంటే ఆయన తెర వైపే చూస్తూ అడిగాడు.

"ఆ రైల్లో జనం ఎవుర్రా? వాళ్ళ ఇండ్లల్లోవాళ్ళు ఏమైనారు?"

కథలో లేదులే నాయనా అన్నాను నేను. ఆయన మనసులో ఏముందో నాకు తెలీదు. పక్క చేను సంగతి ఉందని నేననుకోవడం నా ఊహే కావచ్చు. ఏమైతేనేం, సరైన ప్రశ్న అడిగింది ఆయన, అడగాల్సిన చదువున్నది నాకు.

ఇంటికి ఫోన్ చేసి అమ్మకి చెప్పాను, పెదనాయన వాళ్ళ చేనుకి మన బోరు నుంచి ఒక పైపు వేయిద్దామని, వారానికి రెండు రోజులు వాళ్ళకి నీళ్ళు వదులుదామని. ఏదో పెద్ద ధర్మరాజులా చెప్పాను. అమ్మ నవ్వింది. "మీ నాయన పోయిన నెల నుంచే ఇడుస్తుండాంలేరా. నీకు చెప్పల్యా, అంతే" అంది. ఐతమ్మలు, మాంచాలలు మనకి చెప్పి చెయ్యరు కదా.

అంతా సర్దుకుందని చెప్పను. ఆ బోరులో ఇప్పుడు నీళ్ళు మునుపట్లా లేవు, ఇద్దరికి చాలవు. వాళ్ళబ్బాయి బెంగుళూరు నుంచి తిరిగి రాడు, వాడి పదేళ్ళు వాడికెవరూ ఇవ్వలేరు. మిర్చి మానేసి ఇద్దరం ఆరుతడి పంటలకి మారాం. ఈ సంక్రాంతికి వాడొస్తే అన్నీ మాట్లాడాలనుకున్నాను. మాట్లాడాను కూడా. వాడు విని, "అప్పుడు మా నాయన దగ్గర దుడ్లుంటే మేమూ ఏసేటోళ్ళంరా" అన్నాడు. తర్వాత ఇద్దరం టీ తాగాం.

ఎవరైనా మనవాళ్ళు పల్నాటి కథని యానిమేషన్‌గా తీస్తే బాగుండునని నా కోరిక. కత్తులు, కోళ్ళు, బిలాలు ఎలాగూ బ్రహ్మాండంగా చూపిస్తారు, ఆ నమ్మకం నాకుంది. బొంగరం దెబ్బ తగిలిన ఆవిడని మాత్రం కోసెయ్యకండి. ఆవిడ ఇంటికి వెళ్ళి కాలికి ఏం కట్టు కట్టుకుందో ఒక్క షాట్ చూపించండి, చాలు.